వివెక్ 36 పాఠాలు: స్తోత్రం చాటున వాంగ్మూలం

2002 మే నెలలో బెథెస్డా సంస్థ విడుదల చేసిన మోరోవిండ్ అనే వీడియో ఆటలో పుస్తకాలకు కొదవ లేదు. అంగళ్ళలో, గుళ్ళలో, దొంగల గుహల్లో, ఎక్కడపడితే అక్కడ దొరుకుతాయి. చాలామంది ఆటగాళ్ళు ఒకటి తెరిచి రెండు పుటలు తిప్పి, దగ్గర్లోని దుకాణంలో అమ్మేస్తారు. అలా అమ్ముడుపోయే సరుకులో ‘వివెక్ 36 పాఠాలు’ అనే వరుస కూడా ఉంది. ఒక్కో పాఠం విడి పుస్తకం. ఒక్కోదాన్నీ ప్రవచనం అంటారు, మీద వరుస సంఖ్య ఉంటుంది. కథ ముందుకు నడవాలంటే వీటిని చదవాల్సిన అవసరం లేదు. అయినా రెండు దశాబ్దాలు దాటాక కూడా ఆ లోకం గురించి ఎవరు వాదించుకున్నా, చివరికి తేలేది ఈ 36 దగ్గరే.

మన లోకంలో వీటిని రాసినవాడు మైకేల్ కిర్క్‌బ్రైడ్. ఆట లోకంలో రాసినవాడు వివెక్ అనే దేవుడు. ఆ పేరు మన చెవికి ‘వివేక్’లా వినిపిస్తుంది కానీ, ఈ దేవుడికి వివేకం కన్నా వాక్చాతుర్యం ఎక్కువ. ఆ సంగతి గుర్తుంచుకుని చదివితేనే ఈ పుస్తకం లొంగుతుంది. ఇది సృష్టి రహస్యం చెప్పే శాస్త్రంలా కనిపిస్తుంది. నిజానికి ఒక కేసులో నిందితుడు తన గురించి తాను రాసుకున్న వాంగ్మూలం.

కేసు ఏమిటో ముందు తెలియాలి. వార్డెన్‌ఫెల్ అనే దీవి, దాని నడుమ రెడ్ మౌంటెన్ అనే అగ్నిపర్వతం. అక్కడి డన్మర్ జాతి ముగ్గురు దేవుళ్ళను కొలుస్తుంది: ఆల్మలెక్సియా, సోథా సిల్, వివెక్. వీళ్ళు పై లోకాల్లో ఉండే దేవుళ్ళు కారు. వివెక్ అయితే తన పేరే పెట్టిన నగరంలో, దక్షిణపు కొసన మందిరంలో కూర్చుని ఉంటాడు, వెళ్ళి మాట్లాడవచ్చు. ఒకప్పుడు ఈ ముగ్గురూ మామూలు మర్త్యులు, నెరెవార్ అనే నాయకుడి ఆంతరంగికులు. నెరెవార్‌కు హోర్టేటర్ అని బిరుదు. మొదటి యుగం 700వ ఏట రెడ్ మౌంటెన్ దగ్గర డ్వేమర్ జాతితో యుద్ధం జరిగింది. డ్వేమర్లు ఉన్నపళాన మాయమయ్యారు. నెరెవార్ చనిపోయాడు. కొంతకాలానికి ఆ ముగ్గురూ కొండ లోపల ఉన్న, లోర్కాన్ అనే చనిపోయిన దేవుడి గుండె నుంచి శక్తి తోడుకుని దేవుళ్ళయ్యారు.

నెరెవార్ ఎలా చనిపోయాడన్నదే చిక్కుముడి. దీనిమీద ఆటలోనే ఒకదానితో ఒకటి పొసగని పుస్తకాలు దొరుకుతాయి. యాష్‌లాండర్లు అనే సంచార తెగల కథనం ప్రకారం ఆంతరంగికులే చంపారు: ఆల్మలెక్సియా విషపు కొవ్వొత్తులతో, సోథా సిల్ విషపు వస్త్రాలతో, వివెక్ విషపు మంత్రాలతో. నెరెవార్ వెన్నంటి ఉన్న ఆలాండ్రో సుల్ బతికి బయటపడి తెగల మధ్య చేరి చెప్పిన కథ ఇది. రెండో కథనం వివెక్‌దే. ఒక అసమ్మతి పూజారిని విచారిస్తూ చెప్పిన మాటలను లేఖకులు రాసిపెట్టారు. అందులో నెరెవార్ యుద్ధంలో తగిలిన గాయాలతో పోయాడు. అంత పాత సంగతులు ఎవరికి స్పష్టంగా గుర్తుంటాయి అన్న ధోరణిలో ఆ మాటలు మొదలవుతాయి. సాక్షి బోనెక్కి మొదటి మాటే ‘సరిగ్గా గుర్తులేదు’ అంటే ఏ ప్లీడరైనా చెవులు రిక్కిస్తాడు.

36 పాఠాలు ఈ రెండింటికీ పక్కన మూడో కథ చెబుతాయి. అసలు విషయాన్ని పక్కకు నెట్టే కథ. ఇందులో వివెక్ మర్త్యుడే కాడు. నెచ్చి అనే జంతువులను కాసేవాడి భార్య కడుపులో ఒక గుడ్డుగా పడి, పుట్టకముందే దేవతల దగ్గర పాఠాలు నేర్చుకుంటాడు. 14వ ప్రవచనంలో మోలాగ్ బాల్ అనే అసుర రాజుతో సంగమిస్తాడు. దానివల్ల పుట్టిన భూతాలను ఆ తరవాతి ప్రవచనాల్లో ఒక్కొక్కటిగా వెతికి చంపుతాడు. 33వ దాంట్లో నగరం మీద పడబోతున్న గ్రహశకలాన్ని గాలిలోనే నిలబెడతాడు. (ఆ రాయి ఆటలో నిజంగానే నగరం మీద వేలాడుతూ ఉంటుంది. దాన్ని తొలిచి, అసమ్మతి పూజారులకు చెర చేశారు. పేరు సత్య మంత్రిత్వ శాఖ.) 36వ దాంట్లో డ్వేమర్లతో యుద్ధం. ప్రతి ప్రవచనమూ ‘ఆల్మ్‌సివి’ అన్న మాటతో ముగుస్తుంది. ముగ్గురి పేర్ల మొదళ్ళు కలిపిన ముద్ర అది, మన ఫలశ్రుతి స్థానంలో ఉంటుంది.

భాష ఉద్దేశపూర్వకంగా దుర్గమం. పోలిక ఒకచోట మొదలై ఇంకోచోట తేలుతుంది, వాక్యం మధ్యలో కర్త మారిపోతాడు, నియమం చెప్పినట్టే చెప్పి దాని గుట్టు ‘వేరేచోట నేర్చుకో’ అని చేతులు దులిపేసుకుంటుంది. దీనికి తోడు కొన్ని ప్రవచనాలు నైపుణ్య పుస్తకాలు: మొదటిసారి తెరిస్తే చాలు, ఏదో ఒక నైపుణ్యం ఒక అంకె పెరుగుతుంది. అందువల్ల తెరిచినవాళ్ళు చాలామంది, చదివినవాళ్ళు కొందరు. దాచుకోవలసింది ఉన్నవాడికి ఇంతకన్నా మంచి చోటు దొరకదు.

దాచినదాన్ని వెలికితీసే తాళంచెవి 29వ ప్రవచనం. అందులో 1 నుంచి 36 వరకు ఒక పట్టిక ఉంటుంది. ప్రతి వరుసలో ముందు క్రమ సంఖ్య, దానికి ఒక మార్మికమైన పేరు, చివర ఇంకో అంకె. 1కి గోపురం, చివర 1. 8కి చక్రం, చివర 484. 9కి లోపించినది, చివర 11. 12కి ఆకాశాలు, చివర 379. 16కి అంగీకరించదగ్గ దైవదూషణలు, చివర 12. మొదటిసారి చూస్తే ఏదో సంఖ్యాశాస్త్రపు హంగులా ఉంటుంది. మార్మిక గ్రంథంలో ఇలాంటివి మామూలే కదా అని కన్ను జారిపోతుంది.

చేయాల్సిన పని మాత్రం చాలా సాదాది. క్రమ సంఖ్య ఏ ప్రవచనమో చెబుతుంది, చివరి అంకె అందులో ఎన్నో మాటో చెబుతుంది. ఒకటో ప్రవచనంలో ఒకటో మాట ‘అతను’. ఎనిమిదో ప్రవచనంలో 484వ మాట ‘విధి’. ఇలా 36 ప్రవచనాల నుంచి తలా ఒక మాట ఏరి వరుసగా రాస్తే అయిదు పొట్టి వాక్యాలు వస్తాయి. వాటి సారం: అతను పుట్టుకతో దేవుడు కాడు, ఈ నేరానికి నడిపించింది విధి కాదు, ఈ దారి తన ఇష్టప్రకారమే ఎంచుకున్నాడు, దైవత్వాన్ని దొంగిలించి హోర్టేటర్‌ను హత్య చేశాడు, ఇది రాసింది వివెక్.

ఇంగ్లీషులో అవి మొత్తం 35 మాటలు. ప్రవచనాలు 36, మాటలు 35, మరి ఒకటేమైనట్టు? 18వ వరుసకు చివర సున్నా ఉంది. ఆ వరుస పేరు గుడ్డు. గుడ్డు ఆకారమూ సున్నాయే, విలువా సున్నాయే, వివెక్ తన దివ్య జన్మకు ఆధారంగా చూపించే వస్తువూ అదే. ఒప్పుకోలులో గుడ్డు వంతుకు ఒక్క మాట కూడా రాలేదు. ఇది కాకతాళీయం అనుకోవడం కష్టం.

లెక్క ఎక్కడ తప్పుతుందో కూడా చెప్పుకోవాలి, ఎందుకంటే మొదటిసారి చేసేవాళ్ళకు సగం మాటలు పొంతన లేకుండా వస్తాయి. పుస్తకం పేరు, ప్రవచనం సంఖ్య ఉన్న శీర్షికను లెక్కలోకి తీసుకోకూడదు. అసలు పాఠంలోని తొలి మాట నుంచే ఒకటి మొదలవ్వాలి. ఒకటో ప్రవచనమే దీనికి పరీక్ష: ఒకటో మాటగా ‘అతను’ రాకపోతే శీర్షిక కలిసిపోయిందని అర్థం. చిన్న అడ్డగీతతో కలిపిన జంట మాటలు రెండో ప్రమాదం. వాటిని ఒకటిగా లెక్కించాలా రెండుగానా అన్నచోట ఒక్కసారి దారితప్పితే ఆ తరవాతిదంతా ఒక మాట పక్కకు జరుగుతుంది. 11, 12 లాంటి చిన్న అంకెల దగ్గర ఈ బెడద దాదాపు ఉండదు. 379, 484 దగ్గర ఉంటుంది. కాబట్టి చిన్న అంకెలు ముందు పూర్తిచేసి, వాక్యం ఆకారం తెలిశాక పెద్దవాటికి వెళ్ళడం మేలు. అంచనాకు దగ్గరి మాట ఒకటి అటూ ఇటూ కనబడితే తప్పు ఎక్కడ జరిగిందో వెనక్కి వెళ్ళి పట్టుకోవచ్చు.

కంప్యూటర్‌తో లెక్కిద్దామనుకునేవాళ్ళకు వేరే తలనొప్పి. ఆట కంప్యూటర్ ప్రతితో పాటు ఇచ్చిన కన్‌స్ట్రక్షన్ సెట్ అనే ఆట-మార్పుల ఉపకరణంలో పుస్తకాల పాఠం మొత్తం దొరుకుతుంది. కానీ అది వెబ్ పుటల్లో వాడే తరహా గుర్తులతో నిండి ఉంటుంది: అక్షరాల రంగుకు ఒకటి, పంక్తి విరుపుకు ఒకటి. వాటిని తీసేయకుండా మాటలు లెక్కిస్తే ఒక్కో గుర్తూ ఒక మాటగా చేరుతుంది. పంక్తి విరుపు గుర్తును ఉత్తినే చెరిపేస్తే ముందు మాట, వెనక మాట అతుక్కుని ఒకటైపోతాయి. చెరిపిన చోట ఖాళీ పెట్టాలి. ఇక ఆటలోనే కూర్చుని చేసేవాడికి కాగితం, పెన్సిలే దిక్కు. అదీ 36 పుస్తకాలూ దీవి అంతా తిరిగి పోగుచేశాకే.

29వ ప్రవచనం జోలికి పోని పాఠకుడికి కూడా 36వ దాంట్లో చిన్న ద్వారం తెరిచి ఉంది. ఆ ప్రవచనంలోని పేరాల తొలి అక్షరాలు పైనుంచి కిందికి చదివితే ఇంగ్లీషులో ‘ఫౌల్ మర్డర్’ అని పది అక్షరాలు వస్తాయి. నీచమైన హత్య అని అర్థం. ఆల్మ్‌సివి ముద్ర ఉన్న ఆఖరి పంక్తిని కలపకూడదు. అది పదకొండోది అవుతుంది. పైకి యుద్ధ విజయగాథ, నిలువున నేరం పేరు. బంధ కవిత్వం, గర్భ కవిత్వం తెలిసిన తెలుగు పాఠకుడికి యుక్తి కొత్త కాదు. సీసంలో కందాన్ని దాచిన కవులు మనకూ ఉన్నారు. తేడా ఒక్కటే: మన కవి దాచింది చూపించి మెప్పు పొందడానికి దాచేవాడు. ఇక్కడ దాచింది బయటపడితే దాచినవాడి గుడి కూలుతుంది.

ఇదే లోకంలో నాలుగేళ్ళ తరవాత వచ్చిన ఆబ్లివియన్ ఆటతో పోల్చితే ఈ పద్ధతి విలువ బాగా తెలుస్తుంది. అందులో మంకర్ కమోరన్ అనే మతగురువు రాసిన నాలుగు సంపుటాల వ్యాఖ్యానం ఉంది. దాని పేరాల తొలి అక్షరాలు కలిపితే రాజధాని నగరంలో ఒక వీధి, అక్కడ మధ్యాహ్నపు ఎండలో గోపురం తాకే చోటు తెలుస్తాయి. వెళ్తే కథ ముందుకు సాగుతుంది. కథే ఆ నాలుగు సంపుటాలూ తెమ్మని పంపుతుంది, అర్థం కాకపోతే సాయం చేయడానికి ఒక పండితురాలినీ పెట్టింది. అది చక్కటి తాళం, తీసినవాడికి తలుపు తెరుచుకుంటుంది. తెరుచుకున్నాక మళ్ళీ ఆ పుస్తకం ముట్టుకునేవాడు తక్కువ. 36 పాఠాల సంకేతానికి బహుమతి లేదు, సూచన లేదు, ఎవరూ వెతకమని చెప్పరు. కనుక్కున్నా ఆటలో చీమ కుట్టినట్టయినా ఉండదు. అందువల్లే అది ఆట నియమాల్లో ఇరుక్కోకుండా సాక్ష్యంగా మిగిలింది. సాక్ష్యం దొరికినవాడు ఊరుకోడు, మిగతా పుస్తకాలన్నీ మళ్ళీ తిరగేస్తాడు.

అలా తిరగేసినప్పుడు ఎదురయ్యే అసలు మెలిక వేరు. ఈ పాఠాలు ఎవరిని ఉద్దేశించినవి? చాలాచోట్ల వివెక్ హోర్టేటర్‌కు బోధిస్తూ ఉంటాడు. ఏలబోయే రాజు ఎలా ఉండాలో చెబుతాడు. చనిపోయిన నెరెవార్ మళ్ళీ పుడతాడని జోస్యం, ఆటగాడి పాత్రే ఆ పునర్జన్మ. అంటే హంతకుడు తాను చంపినవాడి మరుజన్మకు పాఠ్యపుస్తకం రాసిపెట్టాడు. అందులోనే ఒప్పుకోలు కూడా పెట్టాడు, మొత్తం చదివితే తప్ప దొరకని చోట. దీన్ని పశ్చాత్తాపం అనవచ్చు, అహంకారం అనవచ్చు. రెండూ కాదు, ముందుచూపు అనడం సబబు: రేపు నిలదీసేవాడికి ‘నేను దాచలేదే, రాసే ఉంచానుగా’ అనగల వీలు.

అభిమానుల్లో ఎక్కువమంది ఈ కోణం కన్నా పుస్తకంలోని తత్త్వం వైపు మొగ్గారు. చిమ్ అనే భావన అక్కడిదే. చక్రాన్ని పక్కనుంచి చూస్తే నిటారుగా ఒక గీత కనిపిస్తుంది, అదే గోపురం, అదే ఇంగ్లీషులో ‘నేను’ అనే ఒంటి అక్షరం ఐ. లోకమంతా ఒకరి కల అని తెలిసిన క్షణంలో కలలోని మనిషి తాను లేనట్టే కదా అని కరిగిపోవాలి. అలా కరగకుండా ‘అయినా నేనున్నాను’ అని నిలబడగలిగినవాడికి ఆ కలను మార్చే అధికారం వస్తుంది. పాఠకులు ఏర్పరచుకున్న వివరణ స్థూలంగా ఇది. మనవాళ్ళకు వెంటనే అద్వైతం గుర్తుకొస్తుంది కానీ ఆ పోలిక సగం దూరమే నడుస్తుంది. అక్కడ ‘నేను’ కరగడం గమ్యం, ఇక్కడ ‘నేను’ కరగకపోవడమే ఘనకార్యం. దైవత్వాన్ని దొంగిలించిన మనిషి రాసిన తత్త్వంలో ‘నేను’కు అంత పెద్ద పీట ఎందుకు పడిందో ఊహించడం కష్టమేమీ కాదు.

ఈ భావన ఎంత దూరం పాకిందో చెప్పడానికి ఒక ఉదాహరణ చాలు. 1998లో రెడ్‌గార్డ్ ఆటతో పాటు ఇచ్చిన చిరుపొత్తం సిరోడిల్ దేశాన్ని ఎక్కువగా దట్టమైన ఉష్ణ అరణ్యంగా వర్ణించింది. 2006లో ఆబ్లివియన్ ఆ దేశాన్ని చూపించేసరికి అక్కడ పచ్చిక కొండలు, మామూలు చెట్లు. పాత వర్ణన ఏమైనట్టు? కమోరన్ వ్యాఖ్యానంలో చిమ్ తెలిసినవాళ్ళు నేలనే మార్చగలరనీ, ఒకప్పుడు అడవిగా ఉన్న ఎర్ర రాజు దేశాన్ని చూడమనీ ఒక వాక్యం వస్తుంది. తయారీదారుల మనసు మారిన చోట మార్మిక గ్రంథం అతుకు వేసింది. మంచి అతుకే. కానీ దీని తరవాతే ఏ పొరపాటుకైనా ‘చిమ్’ అని సర్దిచెప్పే అలవాటు ముదిరింది. ఒక నిందితుడి మాటను భౌతికశాస్త్ర నియమంగా వాడుకుంటే జరిగేది ఇదే.

దీన్ని తెలుగులోకి తేవడం సాధ్యమా అన్న ప్రశ్న సరదా కోసం కాదు. పుస్తకం ఏ పదార్థంతో తయారైందో దానివల్ల బయటపడుతుంది. గోపురం లాంటి ‘ఐ’ మొదటి దెబ్బకే పోతుంది. తెలుగు ‘నేను’లో నిలువు గీతే లేదు, రెండు అక్షరాలూ గుండ్రం. అంకె 1ని ఆసరా చేసుకుని ‘ఒకటే ఉన్నది, అది నేను’ అని తిప్పుకోవచ్చు, కానీ చూపుతో తట్టే అర్థం మాటతో చెప్పాల్సి వస్తుంది. 36వ ప్రవచనపు నిలువు వరుస కొంత నయం. ‘ఘోరహత్య’ అంటే నాలుగే అక్షరాలు: ఘో, ర, హ, త్య. ‘త్యజించి’ అని ఒక పేరా మొదలుపెట్టగలిగితే పని అయిపోతుంది. కాకపోతే పది పేరాలను నాలుగుకు కుదించాలి, లేదా ‘నీచమైన ఘోరహత్య’ అని సాగదీసి ఎనిమిదికి తేవాలి.

అసలు కష్టం 29వ దానితో. ఇంగ్లీషులో 35 మాటలు పట్టిన ఒప్పుకోలు తెలుగులో ఇలా ఉంటుంది: ‘అతను పుట్టుకతో దేవుడు కాడు. ఈ నేరానికి అతణ్ణి నడిపించింది విధి కాదు. ఈ దారి తన ఇష్టంతో తానే ఎంచుకున్నాడు. దైవత్వాన్ని దొంగిలించాడు, హోర్టేటర్‌ను చంపాడు. ఇది రాసింది వివెక్.’ మొత్తం 23 మాటలు. విభక్తులు, క్రియ చివర్లు మాటకు అతుక్కుపోతాయి కాబట్టి పన్నెండు వరుసలు ఖాళీ. వాటన్నిటికీ సున్నా పెడితే గుడ్డు ఒక్కదానికే సున్నా దక్కిన చమత్కారం చచ్చిపోతుంది. పైగా ఇంగ్లీషు ఒప్పుకోలులో చాలా మాటలు ఏ పుటలో చూసినా దొరికే చిన్న మాటలు. ‘నడిపించింది’, ‘దొంగిలించాడు’ సరిగ్గా అదే రూపంలో నిర్ణీత ప్రవచనంలో రావాలంటే వాక్యాన్ని దానికోసమే కట్టాలి, కట్టినట్టు కనబడకూడదు. కాబట్టి అనువాదకుడు ముందు ఒప్పుకోలును 35 మాటలకు పెంచి రాసుకుని, ప్రవచనాలన్నీ పూర్తిచేసి, అన్నిటికన్నా చివర 29వ దాని అంకెలు వేసుకోవాలి. ఆ తరవాత ఎక్కడ అచ్చుతప్పు దిద్దినా, ఒక్క మాట చేర్చినా, ఆ ప్రవచనపు అంకె మళ్ళీ సరిచూడాలి. ఏ భాషలోకి తెచ్చినా ఇదే వరస. మామూలు క్రమంలో 1 నుంచి 36 దాకా అనువదించుకుంటూ పోతే కథ మిగులుతుంది, కేసు పోతుంది.

చదవదలచినవాళ్ళకు ఒక క్రమం పనికొస్తుంది. ముందు యాష్‌లాండర్ల కథనం, వెంటనే విచారణలో వివెక్ చెప్పిన మాటలు. రెండూ చిన్నవే. ఆ తరవాతే 36 పాఠాలు. మొదటి విడత అర్థం కోసం ఆగకూడదు, ఎవరు ఎవరితో మాట్లాడుతున్నారో మాత్రం గుర్తుపెట్టుకోవాలి. హోర్టేటర్ అన్న మాట వచ్చిన ప్రతిచోటా ఒక గీత పెట్టుకుంటే, కథలోని భూతాల గోల తగ్గి, బోధ ఎవరికో తెలుస్తుంది. చక్రం, గోపురం ఉన్న ప్రవచనాలు రెండో విడతకు వదలడం మంచిది.

ఇన్ని చేసి, పుస్తకాలు పోగేసి, మాటలు ఏరి, ఆటగాడు చివరకు వివెక్ ముందు నిలబడతాడు. ఎదురుగా గాలిలో పద్మాసనంలో తేలుతూ దేవుడు. అడగడానికి ఎన్నో విషయాల పట్టిక తెరుచుకుంటుంది. అందులో 29వ ప్రవచనం గురించిన ప్రశ్న మాత్రం లేదు.